కేసు బొంబాయిలో వెయ్యాలట

ఫింటాస్, కువైట్, 1984 ఫిబ్రవరి, శుక్రవారం

అమలాపురంలో ప్లీడరుగా ఉన్న మా బావ నేనడిగినదానికి జవాబు క్యాసెట్లో చెప్పి పంపాడు. "నువ్వు హెర్నియా ఆపరేషన్ చేయించుకుంది బొంబాయిలో. ఆ డాక్టరు ఉండేదీ అక్కడే. కడుపులో గుడ్డ వదిలేశాడని కువైట్‌లో బయటపడినా, కేసు బొంబాయిలోనే వెయ్యాలోయ్. మన ఊరి కోర్టు తీసుకోదు."

బొంబాయిలో నాకెవరున్నారు? వీసా మెడికల్లో హెర్నియా ఉందంటే, ఏజెంటు పంపితే ఆ డాక్టరు దగ్గరికెళ్ళాను, అంతే. వాయిదాలకి వెళ్దామన్నా పాస్‌పోర్టు నన్ను పనికి తెచ్చుకున్న కఫీల్ దగ్గరుంది. మాటిమాటికీ సెలవడిగితే ఖలాస్, ఉద్యోగం ఊడినట్టే.

బావ తర్వాత మా ఆవిడ గొంతు వచ్చింది. "ఇంకా నొప్పిగానే ఉందాండీ? నిజం చెప్పండి."

నా దగ్గర వేరే క్యాసెట్ లేదు. మొదటికి తిప్పి, బావ మాటల మీదే రికార్డు నొక్కి, "తగ్గిపోయింది" అన్నాను.