రొట్టెలో వేసిన దబ్బకాయ ముక్కలు

లిమరిక్, ఐర్లండ్
ఆదివారం మధ్యాహ్నం

అమ్మకు,

హారిక నమస్కారాలు. నీ చెయ్యి ఎలా ఉందో ముందు వదిన చేత రాయించు, మిగతా అందరి క్షేమం ఆ తర్వాత. ఇక్కడ నేను కులాసా. జలుబు కూడా లేదు. రోజూ అన్నం తింటున్నాను. ఈ మూడు మాటలూ నమ్ము. కింద రాసింది చదివాక నా మాటల్లో దేన్ని నమ్మాలో నీకు తెలియకపోవచ్చు.

నీ మీద నాకు కోపంగా ఉందమ్మా. ఫ్యామిలీ గ్రూపులో నేను రొట్టె ఫోటో పెట్టిన రోజు పక్కింటి సత్యవతి అత్తయ్యను పిట్టగోడ దగ్గరికి పిలిచి మరీ చూపించావట. "చూసేవా వదినా! అంత దూరం వెళ్ళినా మా పిల్లకి దబ్బకాయ లేందే ముద్ద దిగదు. ఆఖరికి రొట్టెలో కూడా ఆ ముక్కలే వేసుకుంటోంది," అన్నావట. ఆవిడేమో "ఈ ఏడు మా చెట్టు కాయలన్నీ మీ హారికకే" అని అక్కడికక్కడే మాట ఇచ్చేసిందట. వదిన ఫోన్లో ఒకటే నవ్వు. "అత్తయ్యగారి కట్టు విప్పడమే ఆలస్యం, కత్తిపీట కడిగి పెట్టమన్నారు. ఇరవై కాయలు!" అంది.

నాకు నవ్వు రాలేదు. ఆ ఇరవై కాయలు నువ్వు కొయ్యకూడదనే ఈ ఉత్తరం.

నాకు దబ్బకాయ ఊరగాయ ఇష్టం లేదు. ఇప్పుడు కాదు, ఎప్పుడూ లేదు. చిన్నప్పుడు కంచంలో ఏదీ వదలకూడదని నాన్న కళ్ళు పెద్దవి చేసేవారు కదా. ఆ చేదు ముక్క కంచంలో ఉన్నంతసేపూ నాకు పప్పన్నం కూడా సహించేది కాదు. అందుకని ముందు దాన్నే గబుక్కున మింగేసి, ఆ తర్వాత స్థిమితంగా తినేదాన్ని. నువ్వేమో "ఆత్రం చూడు, ముందు ముక్కే తినేసింది" అని ఇంకోటి వేసేదానివి. నేను అదీ ముందే మింగేదాన్ని. నువ్వు ఇంకోటి. ఇంట్లో అందరూ చూశారు, ఒక్కరైనా నా మొహం చూడలేదు. అలా నేను దబ్బకాయ పిచ్చిదాన్నయ్యాను. పెళ్ళిళ్ళలో కూడా "ఇది మా దబ్బకాయ పిల్ల" అని చూపించేదానివి.

ఇంతవరకూ తప్పు నీది. ఇక్కడి నుంచి నాది.

నేను వచ్చేటప్పుడు రెండు సీసాల నిండా పెట్టి, మూతలకు ప్లాస్టిక్ కాగితం చుట్టి, దారాలు కట్టి ఇచ్చావు. ఆ సీసాల్లోది నేను రెండుసార్లు తిన్నాను. ఒకసారి వచ్చిన వారంలో, ఇల్లు గుర్తొచ్చి. రెండోసారి ఆఫీసులో. నేను పాలపొడి ఫ్యాక్టరీ ల్యాబ్‌లో పనిచేస్తున్నానని చెప్పాను కదా, అక్కడ అందరం ఒకే గదిలో భోంచేస్తాం. నేను డబ్బా మూత తీశాను. ఎదురుగా కూర్చున్నావిడ లేచి కిటికీ తీసింది. నవ్వుతూనే తీసింది, మళ్ళీ వచ్చి కూర్చుని నా ప్రాజెక్టు గురించి అడిగింది. బయట వాన. జల్లు లోపలికి కొడుతున్నా ఆ కిటికీ ఎవరూ వెయ్యలేదు.

ఆ సాయంత్రం ఇంటికి వచ్చి చూస్తే సీసాలోంచి నూనె కారి, నాతో పాటు ఇల్లు పంచుకునే ఆన్యా టేబుల్ గుడ్డ మీద ఎర్రగా మరక. ఆన్యాది పోలండ్. తను "ఉతికితే పోతుందా?" అని మాత్రం అడిగింది. పోతుందని చెప్పాను. రెండు సీసాలూ నల్ల సంచిలో వేసి, పైన పేపరు కప్పి, వీధి చివర చెత్తడబ్బాలో పడేసి వచ్చాను. ఎవరూ చూడకుండా పేపరు కప్పానమ్మా. ఇక్కడ నన్ను చూసేదెవరు?

పారెయ్యమని ఎవరూ అనలేదు. తప్పు వాళ్ళ మీద పెట్టి రాసుకుందామని ఈ పేజీ రెండుసార్లు మొదలుపెట్టాను, కుదరలేదు. పారేసింది నేనే.

తర్వాత నువ్వు ఫోన్ చేసి "ఊరగాయ ఎంతవరకూ వచ్చింది?" అన్నావు. "అయిపోయిందమ్మా, వేళ్ళు నాకేశాం," అన్నాను. ఆ "వేళ్ళు నాకేశాం" అక్కర్లేదు కదా! అయిపోయిందని ఊరుకోవచ్చు. నీకు ఇంకా సంతోషం కలగాలని అది కూడా చేర్చాను. "నా తల్లే! రెండు సీసాలూనా!" అన్నావు నువ్వు. నీ గొంతు అంత వెలిగిపోవడం నేను ఊరు వదిలాక అదే మొదటిసారి వినడం. దాంతో అవునన్నాను.

ఆ ఒక్క మాటకి నువ్వు మళ్ళీ కాయలు తెప్పించావు. కోశావు, ఉప్పూ పసుపూ వేసి మూడు రోజులు ఊరబెట్టావు, డాబా మీద ఎండేశావు. చినుకులు పడగానే ముక్కలు తడుస్తాయని పళ్ళెం పట్టుకుని పరిగెత్తి మెట్ల మీద జారావు. "అత్తయ్యగారు పడ్డారు గాని పళ్ళెం పడలేదు. ఒక్క ముక్క కింద రాల్లేదు తెలుసా!" అని వదిన అంది. నీకు మణికట్టు విరిగిందని ఆ తర్వాత చెప్పింది. నేను ఆఫీసు మెట్ల మీదే కూర్చుండిపోయాను. అన్నయ్య ఆ రోజు కోపంగా "నీ నాలిక రుచికి అమ్మ చెయ్యి పోయింది" అన్నాడు. కాదన్నయ్యా, నా నాలిక్కి ఆ రుచే పడదు అని చెప్పాలి. చెప్పలేదు. తిట్టించుకుంటే కాస్త తేలికగా ఉంటుందనుకున్నాను. ఉండలేదు.

పార్శిల్ వచ్చింది. కారం కలపడం మిగిలిపోయిందని ఎండు ముక్కలు ఒక సంచీలో, కారం, మెంతిపిండి వేరే పొట్లాల్లో. పైన నీ చీటీ: "రెండూ కలిపి నూనె పొయ్యి, మూడో నాడు తిరగకలుపు." ఎడమచేత్తో రాసినట్టున్నావు, "తిరగకలుపు" అనే మాట వాలిపోయి కాగితం అంచు దాకా వెళ్ళింది. ఆ సంచీని నేను చెత్తడబ్బా వైపు కాదు కదా, వంటింటి గట్టు మీద నుంచి కూడా కదపలేకపోయాను. పది రోజులు అక్కడే ఉంది. కారం కలిపితే మళ్ళీ ఊరగాయ, మళ్ళీ అబద్ధం.

ఆన్యాకి రొట్టెలు చేసే మిషన్ ఒకటి ఉంది. మన రైస్ కుక్కరుకి అన్నలా ఉంటుంది. నీళ్ళు, ముడి గోధుమపిండి, ఓట్స్, ఈస్టు వేసి బటన్ నొక్కితే, కలపడం, పొంగించడం, కాల్చడం అన్నీ అదే చూసుకుంటుంది. నాలుగు గంటలు పడుతుంది. తను ప్రతి ఆదివారం నారింజ తొక్క తురిమి వేసి చేస్తుంది. ఒక ఆదివారం నా సంచీ వాసన చూసి "ఇదీ నారింజ చుట్టమే కదా, ఇది వేద్దామా?" అంది. నాకు ప్రాణం లేచొచ్చింది. పారెయ్యకుండా, ఊరగాయ పెట్టకుండా ఇంకో దారి దొరికింది.

తను వెళ్ళి స్నానం చేసి వచ్చేలోగా నేనే మొదలుపెట్టేశాను. ఇక్కడ నా తెలివి విను. ఇంట్లో ఊరగాయ ముక్క అంటే ఎంత ఉప్పో పుట్టినప్పటి నుంచీ తెలుసు కదా, కానీ మిషన్ ముందు నిలబడితే అదంతా మరిచిపోయాను. ముక్కలు నానబెట్టలేదు, కడగలేదు. గుప్పెళ్ళతో రెండు గుప్పెళ్ళు వేశాను. మిషన్‌తో వచ్చిన పుస్తకంలో చెంచా ఉప్పు అని ఉంటే అది కూడా వేశాను!

"తూకం వెయ్యలేదా?" అంది ఆన్యా తలకు తువ్వాలు చుట్టుకుంటూ.

"మా ఇంట్లో చెయ్యే తూకం," అన్నాను గొప్పగా.

నాలుగు గంటల తర్వాత మూత తీస్తే పసుపుపచ్చని ఇటుక. రవ్వంత కూడా పొంగలేదు. ఉప్పు ఎక్కువైతే ఈస్టు చచ్చిపోతుందట, మన ఇడ్లీ పిండి పులవనట్టే. ఆన్యా దాన్ని వేళ్ళతో తట్టి చూసి, "తలుపు గాలికి కొట్టుకోకుండా అడ్డం పెట్టుకోవచ్చు," అంది. అంచు కొరికి, "సముద్రం," అంది. అంత నవ్వు నేను ఈ ఊరొచ్చాక నవ్వలేదు. నవ్వుతూనే ఏడుపొచ్చింది. అప్పుడే మొదటిసారి ఒక మనిషికి మొత్తం చెప్పాను. సీసాలు, చెత్తడబ్బా, నీ చెయ్యి. తను ఆ ఇటుకను పక్కన పెట్టి అంతా వింది. తర్వాత, "నా టేబుల్ గుడ్డకి నేను పెద్ద విలువ ఇవ్వనని నీకు చెప్పాల్సింది," అంది. ఆ మాటకి నాకు ఇంకా సిగ్గేసింది.

మళ్ళీ వారం ముక్కలు ఒక రోజంతా నానబెట్టి, నాలుగుసార్లు నీళ్ళు మార్చి, ఒక పొంగు రానిచ్చి వార్చి, సన్నగా తరిగాను. వేరే ఉప్పు వెయ్యలేదు. సగం నీళ్ళకు బదులు నారింజ రసం, రెండు చెంచాల తేనె. ముక్కలు మొదటే వెయ్యకుండా, పిండి కలుపుతూ మిషన్ మధ్యలో కూత పెట్టినప్పుడు వేశాను. ఈసారి పొంగింది. పైన బుడిపెలు బుడిపెలుగా, లోపల లేత పసుపు. మొదటి ముక్క వెన్న రాసుకుని తిన్నాను. చేదు వెనకాల నుంచి మెల్లగా వస్తుంది, గోధుమ తీపిలో కలిసిపోతుంది. నచ్చింది. పొగడ్త కాదమ్మా, ఊరగాయలో పడని ఆ చేదు ఇందులో నాకు నిజంగా నచ్చింది. ఆ సంబరంలోనే ఫోటో పెట్టాను. నాన్న వెంటనే ఫోన్ చేసి "ఏంటే, రొట్టె తింటున్నావు? జొరమొచ్చిందా?" అన్నారు. మన ఇంట్లో రొట్టె అంటే జ్వరానికీ పాలకీ మాత్రమే కదా! నువ్వేమో ఆ ఫోటో పట్టుకుని ఇరవై కాయల దాకా వెళ్ళావు.

ఇదంతా ఫోన్లో చెప్పొచ్చు. నువ్వు స్పీకరు పెడతావు, వరండాలో నాన్న, గోడ అవతల అత్తయ్య. నువ్వు నీ మొహం వాళ్ళకి కనపడకుండా చూసుకోవాల్సి వస్తుంది. అది ఇష్టం లేక రాస్తున్నాను. మన ఉండి ఊరి దగ్గర అమ్మాయి శైలజ ఇక్కడి నుంచి సెలవుకి వస్తోంది. "ఆయ్, ఇచ్చేస్తానండి, మా నాన్నగారు పెనుగొండ అమ్మవారి గుడికి ఎలాగూ వస్తారు, మీ ఊరు దారేగా," అంది. తనతో ఈ ఉత్తరం, ఒక రొట్టె పంపుతున్నాను. రెండు రోజుల్లో తినెయ్యండి, లేదంటే ఫ్రిజ్‌లో పెట్టండి. పెనం మీద కాస్త నెయ్యి వేసి కాలిస్తే బాగుంటుంది. నాన్నకు ఒక ముక్క చాలు, తేనె వేశాను, ఆయన షుగరు గుర్తుంచుకో.

ఇక్కడ వానలు సరే సరి. నది కూడా ఉంది, గోదావరి చూసిన కళ్ళకు ఆనదు గాని సాయంత్రం పూట పక్కన నడుస్తుంటాను. ఒంటరిగా ఉంటుంది, లేదనను. రొయ్యల చెరువులో నీటికి గాలి పట్టించే ఏరియేటరు పాడైంది కదా, బాగుచేయించారా? నా పదో తరగతి సర్టిఫికెట్ నకలు కావాలి, నా బీరువా రెండో అరలో నీలం ఫైల్లో ఉంటుంది, అన్నయ్యను ఫోటో తీసి పంపమను. వదినను ఈ ఉత్తరం నువ్వు చదివాకే చదవమను. నాన్నకు నువ్వే చెప్పు, నీకు ఎలా తోస్తే అలా.

నీకు బాధ కలుగుతుందని తెలుసు. ఇక్కడ మెట్లు దిగేటప్పుడల్లా నాకు ఆ డాబా మెట్లే గుర్తొస్తున్నాయి. కట్టు విప్పాక డాక్టరు చెప్పిన వ్యాయామం చెయ్యి, కత్తిపీట జోలికి వెళ్ళకు. నాన్నకు, సత్యవతి అత్తయ్యకు నమస్కారాలు, అన్నయ్య పిల్లలకు ముద్దులు. నీ దీవెన నాకు కావాలి, ఇది చదివాక కూడా.

సత్యవతి అత్తయ్య కాయలు ఆవిడకే ఉంచమను. నాకు ఊరగాయ పంపితే తీసుకోను. తినని దాన్ని తిన్నానని ఇక చెప్పను.

నీ కూతురు,
హారిక