చంద్రిని పట్టుకుపోయారు

రెహానా, నువ్వు పోయి ఏడాదైంది. చదవలేవని తెలిసే రాస్తున్నాను. ఈ కోపం ఇంకెవరికీ అర్థం కాదు.

వేంపల్లె గుట్ట మీది కోతులకు ముసలితనం ఎలా వస్తుందో నువ్వు ఏళ్ల తరబడి గమనించావు. వయసు మళ్లేకొద్దీ అవి గుంపుకు దూరమై, ఒకటి రెండింటినే దగ్గర ఉంచుకుంటాయని చెప్పేదానివి. చివరికి ఒక్క తోడునే మిగుల్చుకున్న నీ ముసలి చంద్రిని నిన్న పట్టుకుపోయారు.

అంగళ్లు దోచేవి కుర్ర కోతులు. వాటిని పట్టడానికి వచ్చిన మనిషి, అవి చిక్కక చంద్రిని బోనులో వేసుకున్నాడు. నేను బండికి అడ్డం నిలబడ్డాను.

"అది శానా ఏండ్లుగా ఏ అంగట్లోకీ పోలేదప్పా. దించు దాన్ని."

"కుర్రవి యాడ దొరుకుతాయి మేడం? దీనికైతే ఉరకనీకి చేతకాదు. ఏదైనా కోతే కదా."

సాయంత్రం ఫోన్ చేస్తే అడవిలో వదిలేశామన్నాడు. పళ్లు అరిగిపోయిన ప్రాణాన్ని, ఉన్న ఒక్క తోడు నుంచి విడదీసి అలా వదలడానికి మనసెలా వచ్చింది?

ఈ పొద్దున గుట్టెక్కాను. చంద్రి తోడు బండ మీద కూర్చుని, పేలు చూడమన్నట్టు వీపు తిప్పి ఉంది. ఓ కుర్రకోతి దగ్గరికొచ్చి చెయ్యి వేయబోతే, తరిమికొట్టి, మళ్లీ అలాగే వీపు తిప్పి కూర్చుంది.