నల్లబడిన పుట

బుర్గోస్, ఫిబ్రవరి 1911

ప్రొఫెసర్ డాన్ ఎవరిస్తో గారికి,

మీ పుస్తకం తిప్పి పంపుతున్నాను. మా మఠంలోని పాత వీరగాథ చివరి పుటలో వెలిసిపోయిన అక్షరాలు పైకి తేలాలని మీరు ఏదో మందు పూశారు. ఇప్పుడా పుట బొగ్గులా ఉంది. ఇక ఎవరూ చదవలేరు కనుక, ఆ వీరుడు మీ ఊరివాడేనని అందులో ఉన్నట్టు ధైర్యంగా ఈ పుస్తకంలో అచ్చువేశారు.

ఆ రోజు నేను పక్కన నిలబడితే, "ఇవన్నీ మీకెందుకు సిస్టర్, ఆ వెల్లుల్లి చారు అక్కడ పెట్టి వెళ్ళండి" అన్నారు.

ఇరవై ఏళ్లుగా ఆ పుటను చలికాలపు ఏటవాలు ఎండలో పట్టుకుని చదువుకున్నాను. అందులో ఏ ఊరి పేరూ లేదు. గాయపడ్డ తనవాళ్లను వదిలి పారిపోయిన ఆ వీరుణ్ణి ఏ ఊరూ మావాడని చెప్పుకోలేదని మాత్రం ఉంది.

ఇన్నాళ్లకు మీరు చెప్పుకున్నారు.

చారు తెచ్చిన సిస్టర్