ఏనుగుకి పేరుంది, మా తాతకి లేదు

డ్యూసెల్‌డార్ఫ్, మార్చి 3

సినిమా రోజున టికెట్ చూసి నన్ను లోపలికి పంపిన అమ్మాయి హారికకి,

మీ బ్రెమెన్ పాత సినిమాల ఆఫీసుకి కాయితం మీదే రాయాలన్నావు. రాస్తున్నాను. నేను చదివింది నాలుగో క్లాసు. తప్పులుంటే నువ్వే దిద్దుకో.

మొన్న మీరు వేసిన 1928 నాటి మాటల్లేని సినిమాలో, రాజుగారి ఏనుగు మీద కూర్చున్న మావటివాడు మా తాత. విజయనగరం నుంచి సర్కసుతో ఈ దేశం వచ్చి ఇక్కడే పోయాడు. ఇంట్లో ఫొటో ఉంది, అదే ముక్కు. చివర మీరు చేర్చిన పేర్లలో ఏనుగు పేరు కూడా వేశారు. మా తాత దగ్గరికొచ్చేసరికి "మావటి: తెలియదు" అని వేశారు. నాకు తెలుసు. బొడ్డు వెంకటరామారావు. వెయ్యండి.

ఇట్లు,
ఆయన మనవడు
బొడ్డు వెంకటరామారావు

తా.క.: ఏనుగు రెండుసార్లు కెమెరా వైపు చూసింది. మా తాత ఒక్కసారీ చూడలేదు.

బ్రెమెన్, మార్చి 19

తాతగారికి నమస్కారం.

మీ ఉత్తరం మా ఆఫీసర్‌కి జర్మన్‌లో చదివి వినిపించాను. చాలా సంతోషించారు, మీ తాతగారు ఇంకా బతికే ఉన్నారనుకుని. పోయారని ఉత్తరంలోనే ఉన్నా, కింద సంతకం ఆయనదేనట! తాత పేరు మనవడికి పెట్టుకుంటామని అరగంట చెప్పాను. "మరి పిలిస్తే ఎవరు పలుకుతారు?" అన్నారు. రూల్ ఒకటేనట. నటుడు బతికుంటే ఆయన సంతకం కావాలి, పోతే డెత్ సర్టిఫికెట్ కావాలి.

ఉంటాను,
హారిక

తా.క.: ఏనుగుకి సర్టిఫికెట్ ఉంది. జూ వాళ్లు ఇచ్చారు.

డ్యూసెల్‌డార్ఫ్, మార్చి 25

అమ్మాయ్ హారికా,

యుద్ధంలో బెర్లిన్‌లో ఇల్లు కూలి మా తాత మీద పడింది. శవాన్ని తీసినవాడే లేడు, కాయితం ఎవడిస్తాడు? ఆ కబురు ఊరు చేరడానికి రెండేళ్లు పట్టింది. ఆరోజే మా నాయనమ్మ బొట్టు చెరిపేసుకుంది. మీ ఆఫీసరుకి అది చాలదా? ఇప్పుడుంటే తాతకి నూట ఇరవై ఏళ్లు దాటేవి. ఆయన్నే రమ్మంటాడేం?

ఇట్లు,
బతికున్న వెంకటరామారావు

బ్రెమెన్, ఏప్రిల్ 14

తాతగారికి నమస్కారం.

రమ్మన్నారు. మే 6, పదకొండింటికి అపాయింట్‌మెంట్ ఇచ్చారు. నటుడు స్వయంగా పాస్‌పోర్ట్ తెచ్చుకుని సంతకం చేస్తే చాలట. తాతగారూ, నేను మీకేమీ చెప్పడం లేదు. పాస్‌పోర్ట్ మీద పేరు మాత్రం అదే కదా.

ఉంటాను,
హారిక

తా.క.: ఆలస్యంగా రాకండి. మా ఆఫీసర్ ఏదైనా క్షమిస్తారు, అది క్షమించరు.

డ్యూసెల్‌డార్ఫ్, జూన్ 11

అమ్మాయ్ హారికా,

పుట్టి బుద్ధెరిగి దొంగ సంతకం పెట్టలేదు. ఆరోజూ పెట్టలేదు, నా పేరే రాశాను. మీ ఆఫీసరు నా చెయ్యి రెండు చేతులతో పట్టుకుని "ఎంత బాగా చేశారండీ" అన్నాడు. మా తాతకి దక్కాల్సిన మాట నేను మింగి వచ్చాను.

నిన్న ఇక్కడ మళ్లీ వేశారు. పేరు పడింది. పక్కనే, పుట్టింది 1949 అని పడింది. హాలంతా నవ్వారు. పుట్టడానికి ఇరవై ఒక్కేళ్ల ముందే ఏనుగెక్కాడు మరి. దిద్దమని అడగను. అడిగితే పేరు కూడా తీసేస్తారు.

ఇట్లు,
మావటి
బొడ్డు వెంకటరామారావు

తా.క.: ఈ దేశంలో ఇప్పుడు మనిషి పోతే వెంటనే కాయితం ఇస్తారట. నేను పోగానే మా అమ్మాయి నీకు పంపుతుంది. అప్పుడైనా ఆయన పోయాడని రాసుకోండి.