మేక తిన్న క్రిస్మస్ చెట్టు

డిసెంబరు 22

పోయినేడు నేను క్రిస్మస్ చెట్టుగా ముస్తాబు చేసిన సరుగుడు కొమ్మను మా తోడికోడలు సుగుణక్క మేక మోడు మిగిల్చి తినేసింది. "మేకకు అది మేతే గదా, ఏం జేస్తాం" అని అక్క, ఇంటింటికీ పాటలు పాడుతూ వచ్చిన క్యారల్స్ వాళ్ళ ముందు నవ్వింది. ఆ మోడును ఏడాదంతా అటక మీద దాచాను.

ఈసారి కొత్త కొమ్మ కొట్టలేదు. ఆ మోడుకే దూది అంటించి, పైన నక్షత్రం కట్టి వాకిట్లో నిలబెట్టాను. ఇవాళ క్యారల్స్ వాళ్ళతో అక్క కూడా వచ్చింది. ప్రార్థన అంశమేమన్నా ఉందా అని పాస్టరయ్యగారు అడిగారు.

"మా చెట్టు తిన్న మేకను, సుగుణక్కను క్షమించినానయ్యా. వాళ్ళిద్దరి కోసం ప్రార్థన చేయండి."

అందరూ కళ్ళు మూసుకున్నారు. అక్క 'ఆమెన్' అనేదాకా నేను ఆమె ముఖమే చూస్తూ నిలబడ్డాను.

క్షమించానన్నది మాత్రం అబద్ధం. దానికి ఆదివారం చర్చిలో మోకరించి దేవుణ్ణి క్షమాపణ అడుగుతాను. పండగ దాకా చెట్టు మాత్రం అందరికీ కనబడేలా వాకిట్లోనే ఉంటుంది.