నువ్వు గెలిచిన ఆఖరి ఆట

సుగుణా,

బాగున్నావా? నువ్వు వెళ్లిపోయి పదకొండు నెలలైంది. టౌరంగాలో మళ్లీ కివీ పళ్ల సీజన్ మొదలవుతోంది. నువ్వు పళ్లు సర్దిన ప్యాక్‌హౌస్ ముందు కార్లు బారులు తీరుతున్నాయి. నేను పోర్టులో ఫోర్క్‌లిఫ్ట్ నడుపుతూనే ఉన్నాను.

నీకు ఒక మాట చెప్పాలి. నువ్వు గెలిచావు.

ఏ ఆట అని అడగవని తెలుసు. ఇక్కడి టోర్నమెంటులో నీకు మిగిలింది ఒక్కటే కదా... సౌత్ ఐలండ్‌లో గొర్రెలు పెంచే ఆ పెద్దాయన డంకన్‌తో ఆడుతున్నది. ఎనిమిది ఆటలైతే ఏడు ముగిశాయి. ఇది గెలిస్తే, ఎత్తులు కార్డుల మీద రాసి పంపుకునే ఈ పోస్టల్ చదరంగంలో దేశం మొత్తానికి ఛాంపియన్‌వి నువ్వు. డ్రా అయితే ఆయన, నాలుగోసారి.

పనిలోనే నీ తలలో రక్తనాళం చిట్లిందని ఫోన్ వచ్చిన రోజు ఈ ఆట నాకు గుర్తే లేదు. మూడు వారాల తర్వాత సంఘం సెక్రటరీ ఉత్తరం రాశాడు. ఆడే మనిషి చనిపోతే, ఆట ఎక్కడ ఆగిందో చూసి రిఫరీ ఫలితం తేలుస్తాడట. నీ ఆలోచన కాగితం మీద ఉంటే ఆరు వారాల్లోపు పంపమన్నాడు.

నాకేం తెలుసు చదరంగం? పదహారేళ్లు నీ పక్కన కూర్చుని టీ తాగాను, అంతే. కూర మాడిపోతోందని అరిస్తే ఏమనేదానివి? "కూర మాడితే ఇంకోటి వండుకోవచ్చు. ఎత్తు మాడితే వండుకోలేం."

నీ నోటుపుస్తకం తీశాను. పదకొండు పేజీలు, అన్నీ తెలుగులోనే. రాత్రి షిఫ్టు లేని రోజుల్లో కూర్చుని నేనే ఇంగ్లీషులోకి మార్చాను. మేఘన చదివి తల పట్టుకుంది. "నాన్నా, మినిస్టర్ ఎవరు? చెస్‌లో మినిస్టర్ లేడు. అది క్వీన్." మన మంత్రి వాళ్లకు రాణి అని నాకెవరు చెప్పారు? నువ్వు పోయాక పిల్ల నవ్వడం అదే మొదటిసారి.

అప్పటినుంచి ఇద్దరం కూర్చున్నాం. దానికి తెలుగు అర్థమవుతుంది, చదవడం రాదు. నాకు చదవడం వచ్చు, ఆట రాదు. నేను చదువుతుంటే అది బోర్డు మీద పావులు జరిపేది. ఏనుగును తీసుకెళ్లి ఊరికే ఆయన రాజు పక్కన పెట్టేయాలని రాశావు. మాకు పిచ్చెక్కింది. ఏనుగును ఎవరైనా ఊరికే ఇస్తారా? కానీ ఆయన రాజు దాన్ని కొడితే, నీ బంటు ఎవరూ ఆపలేని దారిలో నడిచి మంత్రి అవుతుంది. పేజీల నిండా అదే.

కొట్టకుండా పక్కకు జరిగితే? అక్కడ నువ్వు పెట్టింది ఒక్క ప్రశ్నార్థకం. ఆ ఎత్తు ముందే ఊహించి డంకన్ కూడా రిఫరీకి అదే రాశాడట, ఏనుగు వస్తే పక్కకు జరుగుతాను, ఇది డ్రా అని.

రెండు వారాలు దాంతో తంటాలు పడ్డాం. ఒక ఆదివారం మేఘన అడిగింది, అమ్మ రాసినవి ఇంకెక్కడైనా ఉన్నాయా అని. అప్పుడు గుర్తొచ్చింది... నీ లాకర్‌లోని వస్తువులు ప్యాక్‌హౌస్‌ వాళ్లు ఇచ్చిన సంచి. విప్పే ధైర్యం లేక గరాజ్‌లో వాషింగ్ మెషిన్ మీద పెట్టేశాను. నీ స్టీలు టిఫిన్ డబ్బా, జుట్టుకు కట్టుకునే వల, ఆకుపచ్చ స్వెట్టర్. ఆ స్వెట్టర్ జేబులో కార్డు.

స్టాంపు అంటించి ఉంది. డంకన్ అడ్రసు రాసి ఉంది. నువ్వు పోవడానికి ముందు రోజు తేదీ. ఏనుగు ఎత్తు, దాని కింద నీ చిన్న అక్షరాల్లో: నువ్వు కొడితే నేను ఇలా, పక్కకు జరిగితే నేను ఇలా... వరుసగా ఐదు ఎత్తులు. మేఘన అవన్నీ బోర్డు మీద ఆడింది. ఆఖరి ఎత్తుతో చెక్‌మేట్, ఆయన రాజు కదలడానికి ఒక్క గడి లేదు. పిల్ల లేచి నిలబడిపోయింది. నేను స్వెట్టర్ పట్టుకుని అక్కడే కూర్చుండిపోయాను.

టీ తాగే విరామంలో రాశావా? చేతులకు గ్లవ్స్ ఉండగానే రాశావా?

కార్డు కాపీ రిఫరీకి పంపాం. అసలుది డంకన్‌కి పోస్టు చేశాం... అది ఆయనకు రావలసిన కార్డు కదా. రిఫరీ ఇంకా తేల్చకముందే ఆయన ఫోన్ చేశాడు. ముసలి గొంతు. "ఇది డ్రా కాదు, ఆమె నన్ను ఓడించింది. నేను ఆట వదులుకుంటున్నానని సంఘానికి చెప్పేశాను" అన్నాడు. కప్పు తనదయ్యే అవకాశం ఉండి కూడా.

బహుమతుల రోజు ఆక్లండ్ వెళ్లాం. మన హోటళ్లుండే పేట శాండ్రింగ్‌హామ్‌లో దోసెలు తెప్పించుకున్నాం, ఇద్దరం తినలేదు. హాల్లో డెబ్బై మంది ఉంటారు. డంకన్ విమానమెక్కి వచ్చాడు. నీ ఫోటో చూపించమని అడిగి చాలాసేపు చూశాడు. నువ్వు ఏమనేదానివి? "ఈళ్లకు నా మొకం తెల్వది, నా యాస తెల్వది. నా ఎత్తే తెలుసు." ఆ రోజు అందరికీ నీ ముఖం తెలిసింది సుగుణా. మేఘన స్టేజీ మీద మైకు పట్టుకుని నీ కథ చెప్పింది. పదిహేనేళ్లకే హనుమకొండలో మగవాళ్లందరినీ ఓడించావనీ, మద్రాసు పోటీకి తోడు వచ్చేవాళ్లు లేక ఆగిపోయావనీ, ఇక్కడికొచ్చాక, క్లబ్బు వేళకు షిఫ్టులుండి, పోస్టులో ఆడావనీ. నీ మాట కూడా చెప్పింది, తెలుగులోనే: "నేను ఓడి ఆపలే. దారి లేక ఆపిన." తర్వాత ఇంగ్లీషులో చెప్పింది. అందరూ లేచి నిలబడ్డారు. చప్పట్లు ఎంతసేపటికీ ఆగలేదు.

చెక్క పలక మీద ఛాంపియన్ల పేర్లుంటాయి. అందులో మొదటి ఆడమనిషి పేరు నీదే.

ఇంకోటి దాచను. ఈ టోర్నమెంటు బయట, జర్మనీ ఆవిడతో నువ్వు ఆడుతున్న ఆట ఓడినట్టే తేల్చారు. అది పోతుందని నువ్వైతే ముందే చెప్పేదానివి.

నిన్న నేనూ పోస్టల్ టోర్నమెంటులో చేరాను, అందరికంటే కింది గ్రూపులో. మేఘన నేర్పుతోంది, తిడుతోంది. రాజు ముందు బంటును రెండు గడులు జరిపి, మొదటి కార్డు పోస్టు చేశాను. అన్నీ ఓడిపోతానేమో. కానీ ఒక్క ఆట కూడా మధ్యలో వదలను. ఇది నీకు నా మాట.

నీ
నర్సింగరావు