మర్లగాలి

మంజీర ఒడ్డు, బోధన్ తాలూకా
18-2-1971

నవీపేట్ బడిలో పంతులమ్మగా ఉన్న యేసమ్మకు, ఒకప్పుడు నీ పక్కన ఒకే బల్ల మీద కూర్చున్న రుక్మాబాయి నమస్కరించి రాసేది. ప్రభువు దయవల్ల నువ్వు చల్లగా ఉన్నావని తలుస్తాను. మేము కూడా క్షేమమని రాయాలి. ఆ మాట దగ్గరే కలం ఆగింది.

పదమూడేళ్లలో నీకొక కార్డు ముక్కయినా రాయలేదు. నా చేతిరాత చూడగానే చింపెయ్యాలనిపిస్తే నీ తప్పు లేదు. కాకపోతే చివరిదాకా చదివి చింపు.

ఈసారి చెరకు బాగా పండింది. ఫ్యాక్టరీ ముందు బండ్ల వరస పెద్దరోడ్డు దాకా నిలిచింది. నాకు ఇద్దరు ఆడపిల్లలు. పెద్దది గంగామణి ఐదో తరగతి చదువుతోంది, చిన్నదానికి ఆరేళ్లు. ఇద్దరివీ తండ్రి పోలికలే. ఆ తండ్రి గురించే, ఆత్మారాం గురించే, రాస్తున్నాను.

మా పొలాల కింద నది వంపులో మర్లగాలి వీస్తుందని చిన్నప్పుడు నీకు చెబితే నవ్వేదానివి. ఏటా మాఘంలో ఒకరోజు, పట్టపగలు, ఎకరమంత మేర వీస్తుంది. ముందు చప్పుడు పోతుంది. పిట్ట అరవదు, ఆకు కదలదు. తర్వాత ఆ ఎకరంలో ఏది ఉంటే అది వెనక్కి పోతుంది. నరికిన చెరకు లేచి నిలబడి, చిన్నదవుతూ మొలకై, మట్టిలోకి దిగిపోతుంది. మా తాత కాలంలో ఒక ముసలి ఎద్దు ఆ గాలిలో పడి కోడెగా బయటికొచ్చిందట. మా కొట్టం గుర్తుపట్టక, దాన్ని మాకు అమ్మినవాళ్ల ఊరికి నడిచి పోయిందట.

మొన్న మాఘ పున్నమికి ముందురోజు ఆత్మారాం ఆ గాలిలో పడ్డాడు. తప్పిపోయిన లేగదూడ వెంట పోయి చిక్కుకున్నాడని ఊరంతా అనుకుంటోంది. గాలి ఆగాక నడిచి వచ్చాడు. కట్టుకున్న ధోవతి లేదు, ఒంటినిండా పత్తి దూది అంటుకొని ఉంది. నేను గొంగడి కప్పాను. ముఖం చూస్తే ఇరవై రెండేళ్ల పిల్లగాడు.

“అత్తా, రుక్మ ఏడ వోయింది?” అని అడిగాడు. నన్ను మా అమ్మ అనుకున్నాడు.

నేనే రుక్మనన్నాను. “గిట్లయినవేందే?” అన్నాడు, అంతే.

పక్కింటి దశరథం మామ కూర్చోబెట్టి నిదానంగా అన్నీ చెప్పాడు. పదమూడేళ్లు, నాతో పెళ్లి, ఇద్దరు బిడ్డలు. అంతా విని, “నువ్వు అబద్ధమాడవు మామా. గని నాకు గదంత కాలేదు” అన్నాడట.

అప్పటినుంచి అర్రలో పడుకోడు, అరుగు మీదే. అన్నం పెడితే చుట్టం తిన్నట్టు కొద్దిగా తిని చెయ్యి కడుక్కుంటాడు. గంగామణి చెంబుతో నీళ్లిచ్చి “బాపూ” అంటే, అటూ ఇటూ చూసి, ఇంకెవరూ లేరని తెలిశాక తీసుకుంటాడు. చిన్నది మాత్రం దగ్గరికి పోదు. “బాపు లెక్క ఉన్నడు గని, బాపు కాడు” అని నాతో గుసగుసగా చెబుతుంది. నేను ఆయన వెనక నడిచేటప్పుడు నా అడుగు చప్పుడుకు ఉలిక్కిపడతాడు. ఇంట్లో దయ్యాన్ని నేనేనేమో అనిపిస్తుంది.

రెండో రోజు పొద్దున మెల్లగా దగ్గరికొచ్చి అడిగాడు. “రుక్మా, నేనిచ్చిన చిట్టీ యేసమ్మకు ఇచ్చినవా?”

యేసమ్మా, ఆ చిట్టీ సంగతి నీకు తెలియదు. 1958 మాఘంలో ఆత్మారాం నీకు రాసి నా చేతికిచ్చాడు. సోమవారం నిజామాబాద్ స్టేషనుకు రమ్మని, కులం మతం అడ్డమొచ్చినా నిన్నే చేసుకుంటానని. నేను దాన్ని పొయ్యిలో పెట్టాను. ఆయన స్టేషనులో రెండు రోజులు కూర్చొని వచ్చాడు. నువ్వు భయపడ్డావని ఆయన, ఆయన మాట తప్పాడని నువ్వు అనుకున్నారు. ఎండాకాలంలో మేనరికమని నన్ను ఆయనకిచ్చి చేశారు. ఆయన నన్ను ఒక్కనాడూ చిన్నచూపు చూడలేదు. అందుకే చెప్పడానికి నోరు రాలేదు.

ఆరు రోజులు ప్రతి పొద్దునా అదే అడిగాడు. ఆరో రోజు, ఇవ్వలేదని, కాల్చేశానని చెప్పాను. కొడతాడనుకున్నాను.

“ఇప్పుడన్న చెప్పరాదు ఆమెకు” అన్నాడు.

నీకు ముప్పై దాటాయని, పెళ్లి చేసుకోకుండా పిల్లలకు చదువు చెబుతున్నావని చెప్పాను. “దాటితే ఏమాయె” అన్నాడు.

అందుకే ఈ ఉత్తరం పోస్టులో వేయడం లేదు. నీ గడప ముందు నిలబడి ఇచ్చినవాడు ఆయనే. ఉంచుకుంటావో, పంపించేస్తావో నీ ఇష్టం. పంపిస్తే తలుపు తీసే ఉంచుతాను. నన్ను క్షమించమని అడగను.

నీ
రుక్మాబాయి

తా.క. ఆయనకు చెప్పనిది ఒకటి నీకు చెబుతున్నాను. లేగదూడ ఏదీ తప్పిపోలేదు. రెండేళ్లుగా ఆయనకు దగ్గుతో నెత్తురు పడేది. ఉగాది దాటడం కష్టమని డాక్టరు చెప్పాడు. రెండేళ్లు వెనక్కి పోతే జబ్బు ఉండదనుకున్నాను. మాఘం మొదలైనప్పటినుంచి రోజూ ఆయన్ను వెంటబెట్టుకొని నది వంపు దగ్గర కాపు కాశాను. “నిన్ను మర్చిపోతనేమో” అన్నాడు. “రెండేండ్లే కద, ఏం మర్చిపోవు, పో” అన్నాను. నడుముకు తాడు కట్టి, కొస నేను పట్టుకొని నిలబడ్డాను. ముఖంలో కళ రాగానే లాగాను. గాలిలో ఉన్న తాడంతా పచ్చి జనుప మొక్కలై, వేళ్లతో సహా నా చేతికొచ్చింది. అవతల ఆయన ఇంకా చిన్నవాడవుతూ నిలబడి ఉన్నాడు. పేరు పెట్టి పిలిచాను. వినిపించలేదు.